ఫిర్మన్ ఉతినా క్లబ్బుల జాబితాను ఎలా చదవాలి

ఇండోనేషియా మిడ్‌ఫీల్డర్ ఫిర్మన్ ఉతినా గురించి మీరు అడిగినదాంట్లో రెండు ప్రశ్నలున్నాయి. ఎనిమిది దాకా క్లబ్బులు మారిన ఆటగాణ్ణి ఏ జట్టూ నిలుపుకోవాలనుకోని మామూలు ఆటగాడిగా లెక్కగట్టాలా అన్నది మొదటిది. అలాంటివాడికి 2010 ఆగ్నేయాసియా ఛాంపియన్‌షిప్‌లో ఉత్తమ ఆటగాడి బహుమతి ఎలా దక్కిందన్నది రెండోది. చాలా ఏళ్లుగా ఆ ప్రాంతపు ఫుట్‌బాల్‌ను శ్రద్ధగా గమనిస్తున్నవాడిగా నా అభిప్రాయం ముందే చెబుతాను. ఇండోనేషియాలో ఒక ఆటగాడి క్లబ్బుల జాబితా అతని నిలకడ గురించి చెప్పేది తక్కువ, ఆ దేశపు క్లబ్బుల నిలకడ గురించి చెప్పేది ఎక్కువ. ఫిర్మన్ ఆడిన కాలంలో లీగు పేరు మారింది, లీగు రెండుగా చీలింది, ప్రభుత్వ డబ్బు ఆగిపోయింది, ఒక ఏడాదిపాటు దేశమే అంతర్జాతీయ ఫుట్‌బాల్ నుంచి సస్పెండైంది. ఈ నాలుగింటినీ పక్కన పెట్టి అతని జాబితాను చదివితే తప్పుడు మనిషి కనిపిస్తాడు.

ముందుగా ఆ క్లబ్బుల స్వభావం తెలియాలి. ఇండోనేషియాలో చాలాకాలం రెండు రకాల జట్లుండేవి. నగర సంఘాల జట్లు ఒక రకం. పెర్సిబ్ బాండుంగ్, పెర్సిజా జకార్తా, పెర్సెబాయ సురబాయ వంటివి ఈ కోవలోవి. వాటి పోటీని పెర్సెరికతాన్ అనేవారు. రెండో రకం, వ్యాపారులూ కంపెనీలూ నడిపే జట్లు. వాటికి 1979లో గలతామ అనే లీగు మొదలైంది. 1994లో ఈ రెండింటినీ కలిపి లీగా ఇండోనేషియా చేశారు, దాని మొదటి విజేత పెర్సిబ్. కలిపారు గానీ డబ్బు వచ్చే దారులు మాత్రం కలవలేదు. నగర జట్లు జిల్లా, నగర ప్రభుత్వాల వార్షిక బడ్జెట్ మీద బతికేవి. కంపెనీ జట్లు యజమాని ఉత్సాహం మీద బతికేవి. బడ్జెట్ ఏడాదికొకసారి మంజూరవుతుంది, మేయర్ మారితే ప్రాధాన్యాలు మారతాయి, యజమానికి విసుగొస్తే జట్టు అమ్ముడవుతుంది. కాబట్టి ఆటగాళ్ల ఒప్పందాలు ఎక్కువగా ఒక్క సీజన్‌కే ఉండేవి. సంతకం చేసేటప్పుడు కొంత మొత్తం ముందుగా ఇచ్చి, మిగతాది నెలల వాటాలుగా చెల్లించేవారు. సీజన్ ముగిశాక తర్వాతి సీజన్ ఎప్పుడు మొదలవుతుందో తెలియని నెలల్లో జీతం ఉండదు. ఇలాంటి ఏర్పాటులో ఏటా క్లబ్బు మారడం ఉద్యోగం పోవడం కాదు, ఉద్యోగం చేసే పద్ధతే అది.

ఫిర్మన్ 1981 డిసెంబర్ 15న ఉత్తర సులవేసిలోని మనాడోలో పుట్టాడు. జకార్తా నుంచి అక్కడికి విమానంలోనే మూడు గంటలకు పైగా పడుతుంది. ఇండోనేషియా ఫుట్‌బాల్ డబ్బూ, వార్తాపత్రికలూ, సెలెక్టర్లూ ఎక్కువగా జావాలో ఉంటారు కాబట్టి, దూరపు దీవులలో పుట్టిన ప్రతిభావంతుడికి మొదటి బదిలీ దాదాపు తప్పనిసరి. సొంత ఊరి జట్టు పెర్స్మా మనాడోలో మొదలైన ఫిర్మన్, కొద్దికాలానికే జకార్తా పొరుగున ఉన్న తంగెరాంగ్‌కు, పెర్సితా జట్టుకు వచ్చాడు. పెర్స్మా ఆ తర్వాతి కాలంలో పై స్థాయి నుంచి కనుమరుగైంది. అతను అక్కడే ఉండిపోయి ఉంటే మనం ఈ పేరు వినేవాళ్లం కాదేమో.

అతని ఆట దేశమంతటికీ తెలిసింది అరెమా మలాంగ్‌లో. 1987లో గలతామ జట్టుగా పుట్టిన అరెమాను ఫిర్మన్ ఆడిన రోజుల్లో బెంతోల్ అనే సిగరెట్ కంపెనీ నడిపేది. కోచ్ బెన్నీ డొల్లో 2004లో ఆ జట్టును రెండో శ్రేణి నుంచి పైకి తెచ్చాడు. 2005, 2006లలో వరుసగా రెండుసార్లు దేశపు కప్ పోటీ కోపా ఇండోనేషియా గెలిపించాడు. 2005 కోపాలో ఉత్తమ ఆటగాడు ఫిర్మన్. పొట్టిగా, చురుగ్గా, బంతిని కాలికి దగ్గరగా ఉంచుకొని ప్రత్యర్థి డిఫెన్స్, మిడ్‌ఫీల్డ్ వరుసల మధ్య ఖాళీలో తిరిగే ఆటగాడతను. బెన్నీ అరెమా వదిలి పెర్సితాకు వెళ్లినప్పుడు ఫిర్మన్ కూడా తంగెరాంగ్‌కు తిరిగి వచ్చాడు. ఈ కదలికను గుర్తుపెట్టుకోండి, ఎందుకంటే ఇండోనేషియాలో ఇది మళ్లీ మళ్లీ కనిపిస్తుంది. ఆటగాడు క్లబ్బుతో కాక కోచ్‌తో కలిసి నడుస్తాడు. క్లబ్బు రేపు ఎలా ఉంటుందో ఎవరూ హామీ ఇవ్వలేనప్పుడు, తన ఆట తెలిసిన కోచ్ ఒక్కడే కాస్త నమ్మదగిన ఆసరా. జాబితాలో 'పెర్సితా' అని రెండుసార్లు కనిపిస్తే వెనక్కి జారాడనుకోకూడదు.

2007 ఆసియా కప్‌కు ఇండోనేషియా సహ ఆతిథ్యమిచ్చింది. జకార్తాలోని గెలోరా బుంగ్ కర్నో స్టేడియంలో బహ్రెయిన్‌ను 2–1తో ఓడించి, సౌదీ అరేబియా చేతిలో 1–2తో, దక్షిణ కొరియా చేతిలో 0–1తో ఓడి గ్రూపు దశలోనే వెనుదిరిగింది. ఆ జట్టు మిడ్‌ఫీల్డ్‌లో ఫిర్మన్ ఉన్నాడు. సౌదీ, కొరియా జట్లను ఒక్కొక్క గోలు తేడా దాకా నిలువరించిన జట్టది. అందులో చోటు సంపాదించినవాణ్ణి మామూలు ఆటగాడనడం న్యాయం కాదు.

ఆ తర్వాతి రెండు మూడేళ్లలో పెలితా జయ, పెర్సిజా జకార్తా పేర్లు కనిపిస్తాయి. వీటిలో పెలితా జయ కథ చెప్పకుండా ముందుకు వెళ్లలేను. 1986లో జకార్తాలో పుట్టిన ఈ జట్టు 1990లలో వయసు మళ్లిన ప్రపంచ కప్ తారలు, కామెరూన్‌కు చెందిన రోజే మిల్లాను, అర్జెంటీనాకు చెందిన మారియో కెంపెస్‌ను తెచ్చి ఆడించింది. ఆ తర్వాత జకార్తా వదిలి సోలోకు వెళ్లింది, అక్కడి నుంచి చిలెగోన్‌కు, తర్వాత పుర్వకర్తాకు, కరవాంగ్‌కు, చివరకు బాండుంగ్‌కు మారింది. లీగులో ఆడే ఆ జట్టు లైసెన్స్ 2016లో మదురా దీవికి చేరి మదురా యునైటెడ్ అయింది. ప్రతి మకాంలోనూ పేరు ఎంతో కొంత మారింది, అభిమానులు మారారు. ఫిర్మన్ తర్వాత చేరిన శ్రీవిజయ ఎఫ్‌సి కూడా ఇలా వచ్చిందే. జకార్తా తూర్పు ప్రాంతంలో పుట్టి సోలోకు తరలిన పెర్సిజతిమ్‌ను 2004లో దక్షిణ సుమత్రా ప్రాంత ప్రభుత్వం కొని పాలెంబాంగ్‌కు తీసుకెళ్లింది. ఆటగాళ్లు తిరుగుతారని మనం అంటాం గానీ, ఇక్కడ జట్లే దీవి నుంచి దీవికి తిరిగాయి.

ఇక 2010 డిసెంబర్‌లో జరిగిన ఆగ్నేయాసియా ఛాంపియన్‌షిప్ సంగతి. దీని మీద కాస్త ఎక్కువసేపు నిలబడాలి, ఎందుకంటే మీ రెండో ప్రశ్నకు జవాబు ఇక్కడే ఉంది. ఆస్ట్రియాకు చెందిన కోచ్ ఆల్ఫ్రెడ్ రీడ్ల్ ఇండోనేషియా జట్టును నలుగురేసి ఉన్న రెండు వరుసలతో, ఇద్దరు ఫార్వర్డ్‌లతో ఆడించాడు. ముందు క్రిస్టియన్ గొంజాలెస్, ఇర్ఫాన్ బఖ్దిం, అంచుల్లో మహమ్మద్ రిద్వాన్, ఓక్తో మనియాని, మధ్యలో అహ్మద్ బుస్తోమి, ఫిర్మన్. అంచుల్లో ఇద్దరూ పరుగెత్తే రకం కాబట్టి ఆటను నడపాల్సిన బరువంతా మధ్యలోని ఇద్దరి మీదే పడింది. బుస్తోమి వెనక కాపలా కాస్తుంటే, ఫిర్మన్ బంతి అందుకొని ఎప్పుడు వేగం పెంచాలో, ఎప్పుడు ఆపాలో నిర్ణయించేవాడు. గ్రూపు దశలో మలేషియాను 5–1తో, లావోస్‌ను 6–0తో, థాయిలాండ్‌ను 2–1తో ఓడించారు. లావోస్ మ్యాచ్‌లో ఫిర్మన్ గోలు కూడా చేశాడు. సెమీఫైనల్లో ఫిలిప్పీన్స్‌ను రెండు మ్యాచ్‌ల్లోనూ 1–0తో దాటారు.

ఫైనల్లో అదే మలేషియా. డిసెంబర్ 26న కౌలాలంపూర్‌లోని బుకిట్ జలీల్‌లో, ప్రేక్షకులు ఆటగాళ్ల మీదకు లేజర్ కిరణాలు వేయడంతో ఆట కొద్దిసేపు ఆగిన మ్యాచ్‌లో, ఇండోనేషియా 0–3తో ఓడింది. మూడు రోజుల తర్వాత గెలోరా బుంగ్ కర్నోలో, నిండిపోయిన స్టేడియం ముందు, మొదటి అర్ధభాగంలోనే ఇండోనేషియాకు పెనాల్టీ దొరికింది. కొట్టినవాడు కెప్టెన్ ఫిర్మన్. మలేషియా గోల్‌కీపర్ ఖైరుల్ ఫహ్మి దాన్ని ఆపేశాడు. ఆ తర్వాత సఫీ సాలి గోలుతో మలేషియా ఇంకా ముందుకు వెళ్లింది, చివర్లో నసుహా, రిద్వాన్ గోళ్లతో ఇండోనేషియా ఆ మ్యాచ్ 2–1తో గెలిచినా మొత్తం మీద 2–4తో కప్పు పోయింది. హైదరాబాద్‌కు చెందిన సయ్యద్ అబ్దుల్ రహీం శిక్షణలో భారత జట్టు 1962 ఆసియా క్రీడల ఫైనల్లో దక్షిణ కొరియాను 2–1తో ఓడించి స్వర్ణం గెలిచింది కూడా ఈ మైదానంలోనే కాబట్టి, ఆ గడ్డ మీద ఒక ఫైనల్ బరువు ఎంతో మన పెద్దలకూ తెలుసు.

ఫైనల్లో పెనాల్టీ పోగొట్టుకున్న, ఓడిన జట్టు కెప్టెన్‌కు టోర్నీ ఉత్తమ ఆటగాడి బహుమతి ఇచ్చారు. చాలామంది దీన్ని ఓదార్పు బహుమతిగా చూస్తారు. నేను ఒప్పుకోను. ఆ టోర్నీలో ఇండోనేషియా గోళ్లు చాలామంది ఆటగాళ్ల నుంచి వచ్చాయి. అంతమందికి అవకాశాలు అందాయంటే వాటిని మలిచేవాడు ఒకడుండాలి. ఆ పని మిడ్‌ఫీల్డ్ మధ్యలో జరిగింది. గోళ్ల పట్టికలో అది కనిపించదు, మ్యాచ్ మొత్తం చూసినవాళ్లకు కనిపిస్తుంది. ఒక పెనాల్టీని బట్టి ఆ నెల మొత్తాన్ని కొట్టిపారేయడం సరికాదు.

ఆ సమయానికే అతను శ్రీవిజయలో ఉన్నాడు. 2011లో ఇండోనేషియా ఫుట్‌బాల్ రెండుగా చీలింది. ఇండోనేషియా సూపర్ లీగ్ ఒక వైపు, ఇండోనేషియన్ ప్రీమియర్ లీగ్ మరో వైపు. 2011–12 సీజన్‌కు జాతీయ సమాఖ్య ప్రీమియర్ లీగ్‌నే అధికారికంగా గుర్తించింది, సూపర్ లీగ్ తిరుగుబాటు లీగు అయింది. కొన్ని నగరాల పేరుతో రెండేసి జట్లు వెలిశాయి. సూపర్ లీగ్ ఆటగాళ్లను జాతీయ జట్టుకు దూరంగా ఉంచారు. దాని ఫలితంగా 2012 ఫిబ్రవరి 29న ప్రపంచ కప్ అర్హత మ్యాచ్‌లో ఇండోనేషియా బహ్రెయిన్ చేతిలో 0–10తో ఓడింది. అయిదేళ్ల క్రితం తాము ఓడించిన జట్టే అది. శ్రీవిజయ సూపర్ లీగ్‌లో ఉండటం వల్ల, దేశంలోని ఉత్తమ మిడ్‌ఫీల్డర్‌లలో ఒకడైన ఫిర్మన్‌కు, ముప్ఫై ఏళ్ల వయసులో, జాతీయ జట్టు తలుపు మూసుకుపోయింది. అదే సీజన్‌లో శ్రీవిజయ సూపర్ లీగ్ గెలిచింది. పోనర్యో అస్తమాన్, కీత్ కయాంబా గంబ్స్ ఉన్న బలమైన జట్టది. కాబట్టి అతని జాతీయ మ్యాచ్‌ల సంఖ్య తగ్గిన కాలమూ, క్లబ్బు స్థాయిలో మొదటి లీగు టైటిల్ వచ్చిన కాలమూ ఒక్కటే. మ్యాచ్‌ల సంఖ్య మాత్రమే చూసి ఫామ్ పోయిందనుకునేవాళ్లు ఇక్కడే పొరబడతారు.

చీలికకు డబ్బు సమస్య తోడైంది. ప్రాంతీయ బడ్జెట్ నిధులను వృత్తి క్లబ్బులకు వాడకూడదని హోం మంత్రిత్వ శాఖ 2011లో గట్టిగా నిషేధించింది. నిర్ణయం సరైనదే. ఆసుపత్రికీ బడికీ వెళ్లాల్సిన డబ్బు ఫుట్‌బాల్ జీతాలకు పోకూడదు. కానీ ఏళ్లతరబడి దాని మీదే బతికిన క్లబ్బులకు ప్రత్యామ్నాయం సిద్ధంగా లేదు, ఆ భారం ఆటగాళ్ల మీద పడింది. సోలోలో పెర్సిస్ జట్టుకు ఆడిన పరాగ్వే ఆటగాడు డియెగో మెండియెటా, నెలల జీతం బకాయి ఉండగానే జబ్బుపడి 2012 డిసెంబర్‌లో చనిపోయాడు. ఆ వార్త చదివినవారెవరూ ఇండోనేషియా ఆటగాడు క్లబ్బు మారడాన్ని దురాశగా చూడలేరు.

2012లో గెలిచిన శ్రీవిజయ జట్టు ఒక్క ఏడాదిలో చెదిరిపోయింది. కయాంబా అరెమాకు వెళ్లాడు. ఫిర్మన్, రిద్వాన్, సుపార్ది ముగ్గురూ కలిసి పెర్సిబ్‌కు వెళ్లారు. పెర్సిబ్ అప్పటికే 2009 నుంచి ప్రైవేటు కంపెనీగా మారి, ప్రభుత్వ బడ్జెట్ అవసరం లేకుండా నడుస్తోంది. అంటే ఈ బదిలీలో తెలివి ఉంది. జీతం సమయానికి వచ్చే చోటికి, తమ ఆట పరస్పరం తెలిసిన ముగ్గురు కలిసి వెళ్లారు. అక్కడ ఫిర్మన్ ఆడిన స్థానం గురించి కూడా చెప్పాలి. ఇండోనేషియా క్లబ్బులు అప్పట్లో తమ విదేశీ ఆటగాళ్ల కోటాను ఎక్కువగా ఫార్వర్డ్‌కూ, ఆ వెనక ఉండి దాడులను మలిచే ప్లేమేకర్‌కూ ఖర్చు చేసేవి. పెర్సిబ్‌లో ఆ రెండో స్థానం మాలి దేశస్థుడు మకాన్ కొనాతేది. స్థానికుడైన ప్లేమేకర్‌కు మిగిలేవి రెండే దారులు, బెంచీ మీద కూర్చోవడం లేదా వెనక్కి జరగడం. ఫిర్మన్ వెనక్కి జరిగాడు. పోరాడి బంతి గెలిచే హరియోనో పక్కన నిలబడి, తొందరపడకుండా ముందుకు పంపే పని తీసుకున్నాడు. యవ్వనంలో గోల్ ముందు ఆడినవాడు ముప్ఫై దాటాక ఈ పని నేర్చుకోవడం నాకు అతని వృత్తి జీవితంలో అన్నిటికన్నా గౌరవనీయంగా తోస్తుంది. 2014 నవంబర్ 7న పాలెంబాంగ్‌లో పెర్సిపుర జయపురతో ఫైనల్ 2–2తో సమం కాగా, పెనాల్టీల్లో గెలిచి పెర్సిబ్ 1995 తర్వాత మొదటిసారి లీగు విజేత అయింది. ఫిర్మన్ అంతకుముందు విజేతగా నిలిచిన ఊళ్లోనే ఆ మ్యాచ్ జరిగింది. ఆ నెలాఖరులో మొదలైన ఆగ్నేయాసియా టోర్నీకి రీడ్ల్ అతణ్ణి మళ్లీ జాతీయ జట్టులోకి తీసుకున్నాడు.

తర్వాతి ఏడాది లీగు లేదు. 2015 ఏప్రిల్‌లో క్రీడా మంత్రిత్వ శాఖ జాతీయ సమాఖ్య గుర్తింపును స్తంభింపజేసింది, కొద్ది మ్యాచ్‌లకే సీజన్ రద్దయింది, మే 30న ఫిఫా ఇండోనేషియాను సస్పెండ్ చేసింది. అది 2016 మే దాకా సాగింది. క్లబ్బులు ఆటగాళ్లను ఇళ్లకు పంపాయి. చాలామంది వృత్తి ఆటగాళ్లు గ్రామాల మధ్య జరిగే తార్కామ్ టోర్నీల్లో, మ్యాచ్‌కు ఇంత అని తీసుకొని ఆడారు. గతుకుల మైదానాల్లో, బీమా లేకుండా, ఏ గణాంకాలకూ ఎక్కకుండా గడిచిన కాలం అది. ఆ లోటు తీర్చడానికి పెట్టిన ప్రెసిడెంట్స్ కప్‌ను అక్టోబర్‌లో పెర్సిబ్, శ్రీవిజయను 2–0తో ఓడించి గెలిచింది.

2016లో ఫిర్మన్ శ్రీవిజయకు తిరిగి వెళ్లాడు. 2017లో, కొత్తగా మొదలైన లీగా 1లో, పోలీసు శాఖ జట్టు భయాంగ్‌కర ఎఫ్‌సికి వచ్చాడు. ఆ సీజన్‌లో 23 ఏళ్ల లోపు ఆటగాళ్లను తప్పనిసరిగా ఆడించాలన్న నిబంధన కొంతకాలం అమలైంది, మైకేల్ ఎసియెన్ వంటి పేరున్న విదేశీయులు వచ్చారు. అటు కుర్రాళ్లు, ఇటు విదేశీయులు రావడంతో వయసు మీరిన స్థానికులకు చోటు తగ్గింది. 35 ఏళ్ల ఫిర్మన్ అక్కడ ప్రధాన ఆటగాడు కాదు, అనుభవజ్ఞుడు మాత్రమే. భయాంగ్‌కర, బాలి యునైటెడ్ చెరి 68 పాయింట్లతో సమంగా నిలిచాయి. ముఖాముఖి ఫలితాల ఆధారంగా భయాంగ్‌కర విజేత అయింది. మూడు వేర్వేరు క్లబ్బులతో మూడు లీగు టైటిళ్లు. ఆ చివరిదానిలో అతని వాటా చిన్నదే, దాన్ని మిగతా రెండింటితో సమానంగా తూచనక్కరలేదు.

పోలికకు హరియోనోను చూడండి. 2008 నుంచి 2019 దాకా పెర్సిబ్‌లోనే ఉన్నాడు. అతని విధేయత నిజమైనదే, కానీ ఆ పదకొండేళ్లు జీతం ఇవ్వగలిగిన క్లబ్బు అతనికి దొరికింది కూడా. మరో వైపు పోనర్యో అస్తమాన్. 2004 ఆసియా కప్‌లో ఖతార్ మీద ఇండోనేషియా 2–1తో సాధించిన, ఆ టోర్నీలో దేశపు మొట్టమొదటి విజయంలో గోలు చేసినవాడు. బొంతాంగ్, మకస్సర్, మలేషియాలోని మెలాకా, మలాంగ్, జకార్తా, పాలెంబాంగ్ తిరిగాడు. అతణ్ణి ఇండోనేషియాలో ఎవరూ స్థిరత్వం లేనివాడనరు.

పోనర్యో ప్రస్తావనకు ఇంకో కారణముంది. పోనర్యో, ఫిర్మన్ ఇద్దరూ తర్వాత ఇండోనేషియా వృత్తి ఆటగాళ్ల సంఘానికి నాయకత్వం వహించారు. 2020 మార్చిలో కోవిడ్ వల్ల లీగు ఆగి, క్లబ్బులు గరిష్ఠంగా 25 శాతం జీతమే ఇచ్చినా చాలని సమాఖ్య ప్రకటించినప్పుడు, ఆటగాళ్లతో మాట్లాడకుండా ఆ నిర్ణయం ఎలా తీసుకున్నారని ప్రశ్నించిన సంఘానికి అధ్యక్షుడు ఫిర్మనే. ఎనిమిది డ్రెస్సింగ్ రూముల్లో జీతాల రోజు ఎలా గడుస్తుందో చూసినవాడికి ఆ పదవిలో మాట్లాడే అర్హత ఎక్కడి నుంచో తెచ్చుకోనక్కరలేదు.

మీరు ఇలాంటి ఇంకొందరి వృత్తి జీవితాలు చదవబోతున్నామన్నారు కాబట్టి, పట్టికలు చూసేటప్పుడు కొన్ని జాగ్రత్తలు చెబుతాను. 2011 నుంచి 2013 మధ్య ఆడిన మ్యాచ్‌లను చూసేటప్పుడు ఏ లీగు అన్నది ముందు తేల్చుకోండి, అప్పటి జాతీయ మ్యాచ్‌ల సంఖ్యతో ఎవరినీ తూచకండి. 2015 సీజన్‌కు ఎదురుగా ఒకటో రెండో మ్యాచ్‌లుంటే గాయమనుకోకండి, లీగే లేదు. 2016లో జరిగిన ఇండోనేషియా సాకర్ ఛాంపియన్‌షిప్ అధికారిక లీగు కాదు కాబట్టి కొన్ని పట్టికలు దాన్ని కలుపుతాయి, కొన్ని కలపవు. 2020లో మార్చితో ఆట ఆగిపోయింది, మళ్లీ లీగు మొదలైంది 2021 ఆగస్టులో. ఇవన్నీ సరిచూసుకున్నాక, ఆటగాడు మారిన ప్రతిసారీ అతని కోచ్ ఎక్కడికి వెళ్లాడో, పాత క్లబ్బు ఆ ఏడాది ఎక్కడుందో వెతకండి. సగానికి పైగా బదిలీలకు కారణం అక్కడే దొరుకుతుంది.